గుర్రం పని, ఫిరంగి పని

గెటిస్‌బర్గ్ ఊరికి పడమట, ఛేంబర్స్‌బర్గ్ రోడ్డు పక్కన, జనరల్ జాన్ బ్యూఫర్డ్ కంచు విగ్రహం ఉంది. 1863 జూలై 1 పొద్దున దక్షిణాది సైన్యాన్ని ఇక్కడ మొదట అడ్డుకున్న ఉత్తరాది అశ్వికదళ నాయకుడాయన. రెండేళ్ళ క్రితం ఇండియా నుంచి వచ్చిన మా నాన్నని అక్కడికి తీసుకెళ్ళాను. దారి పొడుగునా నేను చెప్పిన కథంతా విని, విగ్రహం చుట్టూ ఒక ప్రదక్షిణ చేసి వచ్చి, "గుర్రాల దళానికి సేనాపతి అన్నావు. మరి గుర్రం ఏదిరా?" అన్నారు.

నిజమే, గుర్రం లేదు. బ్యూఫర్డ్ నేలమీద నిలబడి ఉంటాడు. చేతిలో కత్తి ఎత్తి లేదు, దుర్భిణి ఉంది. కాళ్ళ కింద, పీఠం చుట్టూ నాలుగు ఫిరంగి గొట్టాలున్నాయి. ఆ నాలుగూ బొమ్మలు కావు, ఆ రోజు ఆయన వెంట ఉన్న బ్యాటరీవే. అప్పటికి నేను ఆరేడుసార్లు ఆ విగ్రహం ముందు ఫోటోలు దిగాను. ఈ ప్రశ్న నాకు ఒక్కసారి కూడా తట్టలేదు.

నేను చరిత్ర చదువుకున్నవాణ్ణి కాదు. ఇంజనీరింగు చదివి, మేరీలాండ్‌లో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేసుకుంటున్నాను. వారాంతాల్లో అంతర్యుద్ధం పుస్తకాలు చదవడం, ఆ మైదానాలు తిరగడం ఒక పిచ్చి. మా నాన్న ముప్ఫై ఏళ్ళు ఆర్టీసీ డిపోలో స్టోర్స్ సెక్షన్లో పనిచేసి రిటైరయ్యారు. టైర్లు, స్పేర్ పార్టులు, ఇండెంట్లు, నిల్వలు ఆయన ప్రపంచం. జేబులో ఎప్పుడూ ఒక చిన్న డైరీ, ఒక పెన్ను. ఎక్కడికి వెళ్ళినా ఏదో ఒక అంకె రాసుకుంటారు. నేను ఆయనకి వీరుల కథ చెబుదామని తీసుకెళితే, ఆయన నన్ను అడిగినవన్నీ స్టోర్స్ ప్రశ్నలే. ఈ వ్యాసం ఆ ప్రశ్నలకి కాస్త ఆలస్యంగా నేను రాసుకుంటున్న జవాబు.

గుర్రం, ఫిరంగి అనగానే మన మనసులో కదిలే బొమ్మలు వేరు. చతురంగ బలాల్లో గుర్రం అంటే దుమ్ము రేపుకుంటూ శత్రువు మీద పడేది. ఫిరంగి అంటే బొబ్బిలి కోటని పగలగొట్టిన బుస్సీ ఫిరంగి, బుర్రకథలో ధన్ ధన్ మని మోగేది. ఒకటి వేగం, ఒకటి చప్పుడు. గెటిస్‌బర్గ్‌ని వివరంగా చదివాక నాకర్థమైంది వేరు. ఆ యుద్ధంలో గుర్రం అసలు పని చూడటం, ఫిరంగి అసలు పని లెక్కపెట్టుకోవడం. ఈ రెండు దళాల్నీ ఆ పనికి వాడుకున్నవాళ్ళు నిలిచారు. ప్రదర్శనకి వాడినవాళ్ళు, వాళ్ళు ఏ పక్షమైనా సరే, మూల్యం చెల్లించారు.

చూపు పోయిన సైన్యం

క్లుప్తంగా నేపథ్యం. బానిసత్వాన్ని కాపాడుకోవడానికి పదకొండు దక్షిణాది రాష్ట్రాలు అమెరికా యూనియన్ నుంచి విడిపోతామన్నాయి. 1861లో మొదలైన ఆ యుద్ధం 1865 దాకా సాగింది. 1863 జూన్‌లో దక్షిణాది సేనాని రాబర్ట్ లీ డెబ్భై వేల పైచిలుకు సైన్యంతో వర్జీనియా నుంచి ఉత్తరానికి, పెన్సిల్వేనియాలోకి నడిచాడు. ఉత్తరాది సైన్యం అతని వెంటపడింది.

అప్పటిదాకా అశ్వికదళం అంటే దక్షిణాదిదే పేరు. వాళ్ళ నాయకుడు జెబ్ స్టూవర్ట్ టోపీలో ఈక పెట్టుకుని, పట్టు నడికట్టు కట్టుకుని, ఏడాది ముందే ఉత్తరాది సైన్యం చుట్టూ మొత్తం తిరిగి వచ్చి పత్రికలకెక్కినవాడు. ఉత్తరాది వాళ్ళు తమ గుర్రాల్ని చాలాకాలం ముక్కలు ముక్కలుగా పంచేశారు, ఒక జనరల్‌కి కాపలాకి కొన్ని, ఉత్తరాలు మోయడానికి కొన్ని. 1863 మొదట్లో జనరల్ హుకర్ వచ్చి వాటన్నిటినీ ఒక్క దళంగా కూర్చాడు. జూన్ 9న వర్జీనియాలో బ్రాందీ స్టేషన్ దగ్గర ఆ కొత్త దళం స్టూవర్ట్ మీద తెల్లవారుజామున పడింది. ఉత్తర అమెరికా ఖండంలో జరిగిన అతి పెద్ద అశ్వికదళ పోరాటం అదే. స్టూవర్ట్ చివరికి మైదానం నిలబెట్టుకున్నాడు కానీ పరువు పోయింది. ముందురోజే లీ ఎదుట ఆర్భాటంగా కవాతు చేసినవాణ్ణి మర్నాడు నిద్రలో పట్టుకున్నారని దక్షిణాది పత్రికలే తిట్టిపోశాయి.

ఆ పరువు తిరిగి తెచ్చుకోవాలనే స్టూవర్ట్ ఆ తర్వాత చేసింది చేశాడని చాలామంది అంటారు. లీ ఇచ్చిన ఆజ్ఞలోనే కొంత అస్పష్టత ఉంది. వీలైతే శత్రుసైన్యాన్ని చుట్టి రావచ్చు అన్నట్టు ఉంటుంది. స్టూవర్ట్ జూన్ 25న మూడు బ్రిగేడ్లతో బయల్దేరి శత్రువుకి తూర్పుగా చుట్టు తిరిగాడు. 28న రాక్‌విల్ దగ్గర నూటపాతిక దాకా సామాను బళ్ళు పట్టుకున్నాడు. ఆ బళ్ళని వదలబుద్ధి కాలేదు, వాటితో వేగం పోయింది. లీకీ అతనికీ మధ్య ఉత్తరాది సైన్యమంతా నడుస్తోంది. వారం రోజుల పాటు లీకి స్టూవర్ట్ నుంచి ఒక్క కబురు లేదు. ఉత్తరాది సైన్యం నది దాటి తనవైపే వస్తోందని లీకి 28 రాత్రి తెలిసింది, అదీ హారిసన్ అనే ఒక గూఢచారి నోటి ద్వారా.

లీ దగ్గర వేరే గుర్రాలు లేవా అంటే, ఉన్నాయి. కనుమల దగ్గర కాపలా ఉంచిన బ్రిగేడ్లని అతను సమయానికి పిలిపించుకోలేదు. అందుకే తప్పంతా స్టూవర్ట్‌దే అనడం కూడా సరికాదు. స్టూవర్ట్ అంటే గుర్రాలు మాత్రమే కాదు, ఒక అలవాటు. ఏ కబురు నమ్మాలో, ఏది కొట్టిపారెయ్యాలో స్టూవర్ట్ చెబితేనే లీకి గురి. ఆ మనిషి లేకపోయేసరికి ఉన్న గుర్రాలు కూడా లీకి కళ్ళు కాలేకపోయాయి.

ఇక్కడ నాన్న అడిగారు, "గుర్రాలు ఎవరివి? సర్కారువా, సొంతవా?" అని. ఈ ప్రశ్న చాలా పుస్తకాల్లో ఎక్కడో చివరి అధ్యాయంలో ఉంటుంది. ఉత్తరాదిలో ప్రభుత్వమే గుర్రాన్నిచ్చేది. దక్షిణాదిలో ఎవరి గుర్రం వాళ్ళే తెచ్చుకోవాలి, ప్రభుత్వం రోజుకి 40 సెంట్లు అద్దె ఇస్తుంది. గుర్రం చస్తే సైనికుడు ఇంటికెళ్ళి ఇంకోటి సంపాదించుకు రావాలి, లేదంటే కాలిబంటుల్లో చేరాలి. మొదటి రెండేళ్ళూ ఇది దక్షిణాదికి లాభమే, చిన్నప్పటి నుంచి స్వారీ తెలిసినవాళ్ళు, మేలుజాతి గుర్రాలు. యుద్ధం సాగేకొద్దీ అదే నష్టమైంది. "సొంత లారీలతో డిపో నడిపినట్టు," అన్నారు నాన్న. "పాడైన రోజున బండి, డ్రైవరు ఇద్దరూ రారు."

రెండు గంటలు

బ్యూఫర్డ్ జూన్ 30న గెటిస్‌బర్గ్ చేరాడు. రెండు బ్రిగేడ్లు, మూడు వేలకి కాస్త తక్కువమంది మనుషులు. జాన్ కేలెఫ్ అనే కుర్ర లెఫ్టినెంటు కింద ఆరు ఫిరంగులు. ఆ చిన్న ఊళ్ళో పది రోడ్లు కలుస్తాయి. బ్యూఫర్డ్ ఆ సాయంత్రం చేసిన పని నేల చదవడం. ఊరికి పడమట ఒకదాని వెనక ఒకటిగా తక్కువెత్తు గట్లు, దక్షిణాన శ్మశానం ఉన్న ఎత్తైన మిట్ట. ఆ మిట్ట ఎవరి చేతిలో ఉంటే వాళ్ళది పైచేయి. శత్రువు పడమటి నుంచి, ఉత్తరం నుంచి వస్తున్నాడు. వచ్చే వాళ్ళని ఆ మిట్ట దగ్గర ఆపలేం, కాబట్టి ముందే పడమటి గట్ల మీద ఆపాలి. రాత్రి నాలుగు వైపులా గస్తీలు పంపి, ఏ రోడ్డు మీద ఎవరి దళం ఎంత దూరంలో ఉందో కనుక్కుని పైవాళ్ళకి కబురు పంపాడు. ఆ కబురు దాదాపు అంతా నిజమని మర్నాడు తేలింది.

మర్నాడు పొద్దున ఏడున్నర ప్రాంతంలో మార్సెలస్ జోన్స్ అనే లెఫ్టినెంటు తన సార్జెంటు దగ్గర తుపాకి అడిగి తీసుకుని, రోడ్డు మీద వస్తున్న దుమ్ము వైపు ఒక గుండు పేల్చాడు. యుద్ధం మొదలైంది. బ్యూఫర్డ్ మనుషులు గుర్రాలు దిగే పోరాడారు. నలుగురిలో ఒకడు మిగతా ముగ్గురి గుర్రాల్నీ పట్టుకుని వెనక నిలబడాలి. అంటే పోరులో దిగిన క్షణానే దళంలో నాలుగో వంతు తగ్గిపోతుంది. మిగిలినవాళ్ళు కంచెల వెనక, చెట్ల వెనక పలచగా పరుచుకున్నారు. వాళ్ళ దగ్గర గుండు మీద గుండు పేల్చే స్పెన్సర్ రిపీటర్లు ఉండేవని చాలాచోట్ల రాస్తారు, అది కట్టుకథ. ఎక్కువమందివి ఒక్కో గుండూ వెనక నుంచి పెట్టే కార్బైన్లు. కాలిబంటు లాగా నిలబడి గొట్టం మూతి నుంచి మందు కూరే పని లేదు, పడుకునే నింపుకోవచ్చు. తేడా అంతే, కానీ అది చాలింది. కేలెఫ్ తన ఆరు ఫిరంగుల్ని దూరదూరంగా పెట్టి, ఇంకా చాలా ఉన్నాయేమో అనిపించాడు.

వాళ్ళు గెలవలేదు. గెలవడం వాళ్ళ ఉద్దేశం కూడా కాదు. ఒక గట్టు మీద కాసేపు నిలబడి, ఆగలేనప్పుడు వెనక గట్టుకి వచ్చారు. అలా రెండు గంటల పైన గడిపారు. పదింటి ప్రాంతంలో జనరల్ రేనాల్డ్స్ కాలిబంటులతో వచ్చి వరస అందుకున్నాడు, కాసేపటికే గుండు తగిలి చనిపోయాడు. సాయంత్రానికి ఉత్తరాది వాళ్ళు ఊరు వదిలి పారిపోవాల్సి వచ్చింది కూడా. కానీ వాళ్ళు పారిపోయి ఆగింది బ్యూఫర్డ్ ముందురోజు చూసి పెట్టుకున్న ఆ మిట్ట మీదే. తర్వాత రెండు రోజులూ లీ ఆ మిట్టనీ, దాని వెంబడి గట్టునీ కొడుతూనే ఉన్నాడు, ఎక్కలేకపోయాడు.

బ్యూఫర్డ్ అదే ఏడాది డిసెంబరులో టైఫాయిడ్‌తో పోయాడు. వయసు 37. కెంటకీలో పుట్టినవాడు, చుట్టాల్లో కొందరు అటు, కొందరు ఇటు. మన పల్నాటి యుద్ధం విన్నవాళ్ళకి ఆ పరిస్థితి వేరే వివరించక్కర్లేదు.

సూరేకారం, గడ్డి, ఇరవై గుండ్లు

రెండో రోజు జరిగిన చోట్లు చూడ్డానికి పీచ్ ఆర్చర్డ్ వైపు వెళ్ళాం. దారిలో వరసగా ఫిరంగులు పెట్టి ఉంటాయి. నాన్న ఒకదాని చక్రం మీద చెయ్యేసి, "దీన్ని ఎన్ని గుర్రాలు లాగేవి? వాటికి మేత ఎవరు తెచ్చేవారు?" అన్నారు.

ఒక ఫిరంగికి ఆరు గుర్రాలు. దాని మందుగుండు పెట్టెల బండికి ఇంకో ఆరు. అదనపువి, అధికారులవి, కమ్మరి బండివి అన్నీ కలిపితే ఆరు ఫిరంగుల బ్యాటరీకి నూటపది దాకా గుర్రాలు. సైన్యం నిబంధనల ప్రకారం గుర్రానికి రోజుకి 14 పౌన్ల ఎండుగడ్డి, 12 పౌన్ల ధాన్యం. నాన్న డైరీ తీసి గుణించారు. బ్యాటరీ ఒక్కదానికే రోజుకి దాదాపు 1,300 కిలోల మేత. ఆ మైదానంలో ఉత్తరాదివి సుమారు 360 ఫిరంగులు, దక్షిణాదివి సుమారు 270. "ఇది యుద్ధం కాదురా, రవాణా," అన్నారు.

ఫిరంగిలో వేసే నల్లమందులో నాలుగింట మూడొంతులు సూరేకారం. అప్పట్లో లోకానికి సూరేకారం ఎక్కువగా వచ్చింది బీహారు పల్లెల నుంచి. అక్కడ నోనియా కులస్తులు ఇళ్ళ గోడల మొదట్లో, పశువుల కొట్టాల్లో తెల్లగా పూసే ఉప్పుమట్టిని గీకి, కరిగించి, కాచి తీసేవారు. అది కలకత్తా నుంచి లండన్ వెళ్ళేది. 1861 చివర్లో అమెరికా ప్రభుత్వం కోసం లామాట్ డుపాంట్ లండన్ వెళ్ళి దొరికినంత సూరేకారం కొనేశాడు. బ్రిటన్‌తో తగవు వచ్చి ఆ సరుకు కొన్నాళ్ళు ఆగిపోయింది కూడా. తగవు తీరాక వదిలారు. దక్షిణాదికి ఆ దారి కష్టం, సముద్రం మీద దిగ్బంధం. వాళ్ళు గుహల్లో మట్టి తవ్వి తీసుకున్నారు. గెటిస్‌బర్గ్ గట్టు మీద నిలబడి ఇది ఆలోచిస్తే నాకు ఒళ్ళు జలదరిస్తుంది. మన దేశంలో పేరు తెలియని మనుషులు కూలికి గీకిన మట్టి కూడా ఇక్కడికి వచ్చి పేలింది.

ఈ లెక్కలన్నీ తలలో పెట్టుకున్న మనిషి ఒకడున్నాడు, ఉత్తరాది ఫిరంగి దళాల అధిపతి హెన్రీ హంట్. యుద్ధానికి ముందు సైన్యం వాడిన ఫిరంగి పాఠ్యపుస్తకం రాసిన ముగ్గురిలో ఒకడు. నిదానంగా, గురి చూసి, ఒక్కో గుండూ ఎక్కడ పడిందో గమనించి పేల్చాలన్నది అతని మతం. గబగబా పేల్చేసి మందుగుండు అయిపోయిందని వెనక్కి వచ్చేవాళ్ళంటే మంట. ఏ దళానికీ చెందని ఫిరంగుల్ని ఒకచోట నిల్వగా ఉంచాడు, ఎక్కడ గండి పడితే అక్కడికి పంపడానికి. జూలై 2న సేనాపతి మీడ్ మందుగుండు చాలదేమోనని కంగారుపడితే, హంట్ ఒక రహస్యం బయటపెట్టాడు. ఫిరంగికి ఇరవై గుండ్ల చొప్పున అదనంగా మోసే బళ్ళని, పాత సేనాపతికి కూడా చెప్పకుండా, సొంత బాధ్యత మీద నడిపిస్తున్నాడు. ఇది విని నాన్న మొహం వెలిగిపోయింది. "ప్రతి స్టోర్స్‌లోనూ పుస్తకంలో చూపించని నాలుగు ఫ్యాన్‌బెల్టులు ఉంటాయి," అన్నారు.

ఆ రోజు సాయంత్రం ట్రాసిల్ అనే రైతు పొలంలో కెప్టెన్ బిగెలో బ్యాటరీ చిక్కుకుంది. వెనక వరస కట్టడానికి సమయం కావాలి, అందాకా నిలబడమని మెక్‌గిల్వరీ ఆజ్ఞ. నిలబడ్డారు, అరగంట. ఆ అరగంటలో మెక్‌గిల్వరీ వెనక దొరికిన ఫిరంగులన్నీ పోగేసి వరస కట్టాడు, గండి పూడింది. బిగెలో బ్యాటరీలో 88 గుర్రాల్లో 80 చచ్చిపోయాయి. కొద్దిరోజుల తర్వాత ఆ ఇంటిముందు తీసిన ఫోటో ఉంది. కంచె పక్కన, గుమ్మం ముందు, జీనుల్తో సహా గుర్రాలు పడి ఉంటాయి. మనుషుల శవాల ఫోటోలకన్నా ఆ ఫోటో నన్ను ఎక్కువ వెంటాడింది. గుర్రాల్ని ముందు చంపాలన్నది రెండు పక్షాలకీ తెలిసిన పాఠమే, గుర్రం చస్తే ఫిరంగి కదల్లేదు కాబట్టి.

చీటీ

మూడో రోజు, జూలై 3. ఉత్తరాది గట్టు నడుమ మీద పన్నెండు వేల పైచిలుకు కాలిబంటుల్ని ఒక్కసారిగా నడిపించాలని లీ నిశ్చయించాడు. ముక్కాలు మైలు బయలు మైదానం దాటాలి. దానికి ముందు నూటయాభైకి పైగా ఫిరంగులు పేల్చి గట్టు మీది ఫిరంగుల్ని నోరు మూయించాలి. ముందు వరసలోని ఫిరంగుల బాధ్యత కర్నల్ పోర్టర్ అలెగ్జాండర్‌ది. వయసు 28.

దాడి నడిపించాల్సిన జనరల్ లాంగ్‌స్ట్రీట్‌కి ఈ పథకం మీద నమ్మకం లేదు. లీతో వాదించాడు, ఫలితం లేదు. మధ్యాహ్నం ముందు అలెగ్జాండర్‌కి ఒక చీటీ పంపాడు. శత్రువు మీద ఫిరంగుల ప్రభావం చాలినంత లేదనిపిస్తే పికెట్‌ని ముందుకు పంపొద్దని సలహా ఇవ్వు, నీ నిర్ణయం మీద ఆధారపడతాను అని దాని సారాంశం. అలెగ్జాండర్‌కి అర్థమైంది, తన జనరల్ మొయ్యలేని బరువు తన భుజం మీదకి వస్తోందని. జవాబులో ఉన్నమాట రాశాడు. పొగలో నాకు కనపడేది వాళ్ళు తిరిగి పేలుస్తున్నారా లేదా అన్నదొక్కటే. వేరే దారి ఏదన్నా ఉంటే ఫిరంగులు మొదలుపెట్టక ముందే ఆలోచించండి, ఎందుకంటే ఈ ఒక్క ప్రయత్నానికే ఉన్న మందుగుండంతా అయిపోతుంది అని.

ఈ చీటీల దగ్గర నేను ప్రతిసారీ ఆగిపోతాను. నాలుగేళ్ళ క్రితం, అప్పట్లో పనిచేసే చోట, ఒక శుక్రవారం రాత్రి నాకూ అలాంటి చీటీ వచ్చింది. పెద్ద కస్టమర్‌కి మాటిచ్చిన తేదీ. టెస్టుల్లో సగం తేలలేదని నేను రాశాను. పైనుంచి జవాబు వచ్చింది, "నీ జడ్జిమెంట్ మీద నాకు నమ్మకం ఉంది, నీకు ఓకే అనిపిస్తే పంపించు" అని. పంపించాను. రెండు రోజుల లావాదేవీలు చెడిపోయాయి. సోమవారం మీటింగులో ఆ చాట్ మెసేజీ స్క్రీన్ మీద పెట్టారు. నాది పన్నెండు వేల ప్రాణాల వ్యవహారం కాదు, ఆ పోలిక పెట్టడానికి కూడా సిగ్గేస్తుంది. కానీ అంకెలు తెలిసినవాడి అంకెలు వినకుండా, నిర్ణయం మాత్రం అతనికి అప్పగించే పద్ధతి ఎలా ఉంటుందో ఆ రాత్రి తెలిసింది.

ఒంటిగంటకి రెండు ఫిరంగుల సంకేతంతో మొదలైంది. పావుగంటలో ముగించి పికెట్‌ని పంపుదామని అలెగ్జాండర్ అనుకున్నాడు, అంతకన్నా చాలాసేపు సాగింది. దక్షిణాది గుండ్లు చాలామటుకు గట్టు మీద వరసని దాటిపోయి వెనక పడ్డాయి. పొగవల్ల గురి సరిదిద్దుకోవడం కుదరలేదు. ఇంకో కారణం కూడా కొందరు చరిత్రకారులు చూపిస్తారు. ఆ మార్చి 13న రిచ్‌మండ్‌లో బ్రౌన్స్ ఐలండ్ మందుగుండు కార్ఖానా పేలిపోయి నలభైమందికి పైగా చనిపోయారు. దాదాపు అందరూ ఆడపిల్లలు, పదేళ్ళవాళ్ళు కూడా ఉన్నారు. ఆ తర్వాత వేరే ఊళ్ళ నుంచి తెప్పించిన ఫ్యూజులు కాస్త నెమ్మదిగా కాలేవని, అందుకే గుండ్లు లక్ష్యం దాటాక పేలాయని వాళ్ళ వాదన. అదెంతవరకు కారణమో గానీ, ఆ పిల్లల్ని తల్చుకోకుండా ఆ ఫిరంగుల గురించి రాయడం నాకు ఇప్పుడు చేతకాదు.

గట్టు మీద హంట్ ఒక్కో బ్యాటరీ దగ్గరికీ గుర్రం మీద తిరుగుతూ, మెల్లగా ఆపండి అని చెప్పుకొచ్చాడు. రెండు లాభాలు. మందుగుండు అసలు దాడికి మిగులుతుంది. ఫిరంగులు దెబ్బతిన్నాయని అవతలివాడు భ్రమపడతాడు. కాల్బలం అధిపతి హాన్‌కాక్ ఒప్పుకోలేదు. మన ఫిరంగులు మోగుతుంటేనే నా సైనికులకి ధైర్యం అని తన బ్యాటరీల్ని పేల్చమన్నాడు. అతని మాటలోనూ నిజం లేకపోలేదు, గుండ్ల కింద పడుకున్నవాడికి లెక్కలు వినపడవు. మెక్‌గిల్వరీ మాత్రం హాన్‌కాక్ మాట పక్కనపెట్టి తన ఫిరంగుల్ని మిట్ట చాటున మౌనంగా ఉంచాడు.

పొగ సందుల్లోంచి అలెగ్జాండర్‌కి శ్మశానం వైపు కొన్ని ఫిరంగులు వెనక్కి వెళ్ళడం కనిపించింది. ఇదే సమయం, వెంటనే రండి, ఆలస్యమైతే మీకు తోడుగా పేల్చడానికి నా దగ్గర గుండ్లుండవు అని పికెట్‌కి చీటీ రాశాడు. పికెట్ వెళ్ళి లాంగ్‌స్ట్రీట్‌ని అడిగాడు, వెళ్ళనా అని. లాంగ్‌స్ట్రీట్ నోట మాట రాలేదు, తల మాత్రం వంచాడు. తర్వాత అలెగ్జాండర్ దగ్గరికి వచ్చి, గుండ్లు తక్కువున్నాయని విని, పికెట్‌ని ఆపి నింపుకోమన్నాడు. నింపడానికి అసలు అంతగా లేదు, ఈలోగా శత్రువు సర్దుకుంటాడు అన్నాడు అలెగ్జాండర్. అప్పటికే వరసలు చెట్లలోంచి బయటికి వస్తున్నాయి.

మిగతాది అందరికీ తెలిసిందే. దక్షిణం చివర లిటిల్ రౌండ్ టాప్ మీది ఫిరంగులు, మెక్‌గిల్వరీవి, ఉత్తరాన శ్మశానం మిట్ట మీదివి ఆ వరసల్ని రెండు పక్కల నుంచీ చీల్చాయి. హాన్‌కాక్ బ్యాటరీలున్న నడుమ భాగంలో దూరం వెళ్ళే గుండ్లు అయిపోయి రేకుడబ్బా గుండ్లే మిగిలాయి. దగ్గరికొచ్చేదాకా అవి పనికిరావు. ఉత్తరాది వరస కాసేపు తెగింది సరిగ్గా అక్కడే. అక్కడే 22 ఏళ్ళ అలోంజో కుషింగ్ తన ఫిరంగి పక్కన చనిపోయాడు. అతనికి దేశం అత్యున్నత పతకం ఇచ్చింది 2014లో. నడిచి వెళ్ళినవాళ్ళలో సగంమంది చనిపోవడమో, గాయపడటమో, పట్టుబడటమో జరిగింది. నా మాట విని ఉంటే ఆ గట్టు దాకా కూడా వచ్చేవాళ్ళు కాదని హంట్ బతికినంతకాలం వాదించాడు.

అదే సాయంత్రం ఉత్తరాది వాళ్ళూ ఒక తప్పు చేశారు. కిల్‌పాట్రిక్ అనే అశ్వికదళ జనరల్ తానూ ఒక దాడి చేయించాలని, రాళ్ళూ కంచెలూ నిండిన నేల మీద ఫార్న్స్‌వర్త్‌ని గుర్రాలతో పంపాడు. ఫార్న్స్‌వర్త్ వద్దన్నాడు, వినలేదు. అచ్చం మన సినిమాల్లో చూసే గుర్రపు దాడి అది. ఫార్న్స్‌వర్త్ చనిపోయాడు, ఒరిగిందేమీ లేదు. ఆయనకి అంతకు నాలుగైదు రోజుల ముందే జనరల్ హోదా వచ్చింది.

"మొత్తానికి," అన్నారు నాన్న, "లెక్క చెప్పిన గుమాస్తా మాట ఒకరు సగం విన్నారు, ఒకరు అసలు వినలేదు."

బ్రయన్ ఇల్లు

ఇక్కడితో ఆపితే ఇది నేను పదేళ్ళుగా స్నేహితులకి చెబుతూ వచ్చిన కథే. ఇందులో ఒక దొంగతనం ఉంది. గుర్రం పని చూడటం అని గొప్పగా చెప్పాను. ఆ గుర్రాలెక్కినవాళ్ళు ఏం చూస్తూ వచ్చారో చెప్పలేదు.

లీ సైన్యానికి ముందు పెన్సిల్వేనియాలోకి దిగింది జెన్‌కిన్స్ అశ్వికదళం, జూన్ మధ్యలో. ఛేంబర్స్‌బర్గ్‌లో, చుట్టుపక్కల ఊళ్ళలో వాళ్ళు గొడ్లని, గుర్రాల్ని, ధాన్యాన్ని పోగేశారు. వాటితోపాటు నల్లవాళ్ళని కూడా. దక్షిణాది నుంచి పారిపోయి వచ్చినవాళ్ళనీ, అక్కడే స్వేచ్ఛగా పుట్టి పెరిగినవాళ్ళనీ తేడా లేకుండా, ఆడవాళ్ళనీ పిల్లల్నీ కూడా పట్టుకుని, బానిసలుగా దక్షిణానికి తోలుకుపోయారు. ఆ ఊరి తెల్ల ఆడవాళ్ళు ఆ రోజుల్లో రాసుకున్న డైరీల్లో ఇదంతా ఉంది. గ్రీన్‌కాజిల్‌లో ఊరివాళ్ళు అడ్డం తిరిగి ఒక బండిలోని వాళ్ళని విడిపించారు. అందరికీ ఆ అదృష్టం లేదు. అశ్వికదళానికి ఉన్న వేగం, పల్లె పల్లెనీ జల్లెడపట్టే చూపు, నేను మెచ్చుకుంటూ వచ్చిన ఆ గుణాలే, ఇక్కడ ఈ పనికి వాడారు.

ఆ కబురు గెటిస్‌బర్గ్‌కి చేరగానే అక్కడి నల్ల కుటుంబాలు ఇళ్ళు వదిలి పారిపోయాయి. వాళ్ళలో ఏబ్రహాం బ్రయన్ ఒకడు. పన్నెండు ఎకరాల చిన్న రైతు. అతని తెల్లటి ఇల్లు, కొట్టం ఇప్పటికీ ఉన్నాయి, జూలై 3న దక్షిణాది వరసలు వచ్చి ఆగిన గట్టు మీదే. ఆ నూటయాభై ఫిరంగుల గుండ్లు అతని ఇంటి మీదుగానే వెళ్ళాయి. ఆ మైదానంలో 1,300కి పైగా స్మారకాలున్నాయి. ఈ ఇంటి ముందు ఆగేవాళ్ళు తక్కువ, నేనూ అంతకుముందు ఆగలేదు. ఆ రోజు నాన్నకి కాళ్ళు నొప్పి పుట్టి, నీడ కోసం అక్కడ ఆగాం.

బ్రయన్ తిరిగొచ్చేసరికి కంచెలు లేవు, పంట లేదు, కిటికీలు పగిలి, పొలంలో శవాలు పూడ్చి ఉన్నాయి. నష్టపరిహారంగా 1,028 డాలర్లు ఇమ్మని ప్రభుత్వాన్ని అడిగాడు. వచ్చింది 15 డాలర్లు. మళ్ళీ కంచెలు పాతుకుని, మళ్ళీ సాగు చేసుకున్నాడు.

నేను ఇది చెబుతుంటే నాన్న ఏమీ అనలేదు. డైరీ తీసి రెండంకెలు రాసుకున్నారు. ఆ రాత్రి ఆయన పడుకున్నాక టేబుల్ మీద డైరీ తెరిచి ఉంటే చూశాను. పేజీలో పైన గడ్డి లెక్క, కింద హంట్ ఇరవై గుండ్లు, దాని కింద బిగెలో గుర్రాలు 88 – 80. చివర్న స్టోర్స్ లెడ్జర్లో రాసినట్టే గీత కొట్టి, బ్రయన్ పేరు ఎదురుగా బాకీ 1,013 అని వేసి ఉంది.